ఆరున్నొకటి

మొత్తం అరవై నాలుగు డబ్బాలు. నేలమాళిగ మెట్ల మీద కూర్చుని రెండుసార్లు లెక్కపెట్టాను, రెండుసార్లూ అంతే వచ్చింది. బాయిలర్ గొట్టం పగిలి వచ్చిన నీళ్లలో నానిపోయినవి ఇరవై ఏడు. నీళ్లు తగలకపోయినా లోపలి ఫిల్ము తనంతట తానే చివికిపోయి, మూత తీయగానే కళ్లు మండేలా వెనిగర్ వాసన కొట్టినవి ఇరవై రెండు. తుప్పు పట్టి మూత ఊడి రానివి తొమ్మిది. ఖాళీవి ఆరు. ఇవి గాక ఫిల్ము కొలిచే పళ్లచక్రాలు రెండు, అతుకులు వేసే యంత్రం ఒకటి, తెల్లటి నూలు చేతితొడుగులు పదకొండు జతలు. వాటిలో ఒక జత నాది. పెద్ద ఎడిటింగ్ టేబుల్‌ను నేను వచ్చేలోపే పాత ఇనుము కొనేవాళ్లు విప్పి పట్టుకుపోయారు. ఆ టేబుల్ మీదా, అంతకు ముందు లిస్బన్‌లో అలాంటిదే మరో టేబుల్ మీదా కలిపి ఇరవై తొమ్మిది సినిమాలు తయారయ్యాయి. వాటిని తయారుచేసిన మనిషి ఒక్కరే. పేరు ఎర్మెలిండా. పోర్చుగీసు సినిమాలకు ఎడిటర్. ఈ చలికాలంలో, తొంభై ఒకటో ఏట, న్యూఆర్క్‌లోని ఆ ఇంట్లోనే పోయింది.

ఇల్లు అమ్మకానికి పెట్టామనీ, నీకు కావలసింది ఏదైనా ఉంటే వచ్చి తీసుకెళ్లమనీ ఆవిడ మేనకోడలు లూసియా ఫోన్ చేస్తే షాంటిలీ నుంచి నాలుగు గంటలు డ్రైవ్ చేసుకుని వెళ్లాను. నాకు కావలసింది ఏమిటో నాకే తెలియదు. చివరికి దొరికింది అలమారా పైఅరలో, నీళ్లు అందని ఎత్తులో, దారంతో కట్టిన కాగితాల బొత్తి. కొలతల చిట్టాలు. పసుపుపచ్చ కాగితం, అడ్డగీతలు, ప్రతి గీత మీదా ఒక షాట్ నంబరు, దాని పొడవు. ఆవిడ అంకెలు పొట్టిగా, నేలను కరుచుకున్నట్టు ఉంటాయి. ఆఖరి చిట్టాలో మాత్రం అంకెలు నావి. ముప్పై ఒకటో గీత దగ్గర నీలం సిరాతో, ఏ తడబాటూ లేకుండా, 6+1 అని రాసి ఉంది. బొత్తిని మళ్లీ దారంతో కట్టి కారులో పెట్టుకున్నాను.

మేము ఆ ఇంటి పైఅంతస్తులో అద్దెకుండేవాళ్లం. నాకు పదకొండేళ్లప్పుడు దిగాం. నాన్న హాస్పిటల్ ల్యాబ్‌లో టెక్నీషియన్. మధ్యాహ్నం వెళ్లి అర్ధరాత్రి వచ్చేవాడు కాబట్టి ఇల్లంతా పొద్దున పూట కాలివేళ్ల మీద నడిచేది. చుట్టుపక్కల అంతా పోర్చుగీసువాళ్లే. తెలుగువాళ్లు కావాలంటే ఎడిసన్ వెళ్లాలి. కింది వంటింట్లో ఉప్పు చేపను రెండు రోజులపాటు నీళ్లు మారుస్తూ నానబెట్టేవారు. ఆ వాసన మెట్లెక్కి వచ్చేది. మా ఇంగువ వాసన మెట్లు దిగి వెళ్లేది. మొదటి ఏడాది రెండు వంటిళ్లూ ఒకదాన్నొకటి అనుమానంగా చూసుకున్నాయి. తర్వాత అమ్మ ఒకరోజు కొబ్బరి చట్నీ గిన్నెలో పట్టుకెళ్లింది. ఆ గిన్నె పాలూ గుడ్డూ వేసిన పేస్ట్రీలతో తిరిగొచ్చింది. గుడ్డు సంగతి అమ్మ తిన్నాక తెలిసింది. అక్కడ అందరూ ఆవిడను మర్యాదగా దోనా ఎర్మెలిండా అనేవారు. అమ్మకు దోనా అన్న మాట నోటపట్టక దొన్నమ్మగారు అనేది. "పేరులోనే దొన్న ఉంది కదే, మనావిడే," అనేది.

నేలమాళిగ ఆవిడ కార్ఖానా. అక్కడ బాయిలర్ వేడి, నూనె పెట్టిన యంత్రాల వాసన, ఫిల్ము అతికించే జిగురు నుంచి గోళ్లరంగు తుడిచే మందులాంటి ఘాటు, వీటన్నిటి కింద ఎక్కడో కాఫీ. ఆవిడ పనిలో చేరింది పద్నాలుగేళ్లకట. లిస్బన్‌లో ఒక ల్యాబ్‌లో నెగటివ్ కోసే గది ఉండేదనీ, వేళ్లు సన్నగా ఉంటాయని ఆ గదిలోకి ఆడపిల్లలనే తీసుకునేవారనీ చెప్పేది. నియంతల కాలం. పూర్తయిన సినిమాను సెన్సారు వాళ్లు చూసి ఇన్ని మీటర్లు తీసేయమని చీటీ పంపేవారు. ఈవిడ తీసేసేది. తీసిన ప్రతిదాని పొడవూ ఒక పుస్తకంలో రాసుకునేది. ఎందుకు రాశారని అడిగితే, "ఎంత పోయిందో ఎవరో ఒకరికి తెలియాలి కదా," అంది. ఆ ప్రభుత్వం కూలిపోయాక ఆవిడ కోతపిల్ల నుంచి ఎడిటర్ అయింది. అక్కడ ఇరవై మూడు సినిమాలు. భర్తకు న్యూఆర్క్‌లో బేకరీ పని దొరికితే వెంట వచ్చింది. భర్త పోయాడు. సినిమాలు మాత్రం పార్సిళ్లలో రావడం మానలేదు. ముఖ్యంగా జుస్తీనో అనే డైరెక్టరు, అంత దూరమైనా సరే, ఈవిడ చేతికి తప్ప ఇంకొకరికి ఇచ్చేవాడు కాదు. అలా ఇక్కడ ఆరు. ఆ ఆరో సినిమా గురించే నేను రాస్తున్నది.

పదహారేళ్లకు నేను ఆ గదిలో చేరాను. హైస్కూల్లో లెక్కల్లో వెనకబడ్డదాన్ని. టీచరు ఇంటికి ఉత్తరం కూడా పంపింది. నేలమాళిగలో మాత్రం లెక్క చేతికి తగిలేది. ఒక అడుగు ఫిల్ముకు పదహారు ఫ్రేములు. ఒక సెకనుకు ఇరవై నాలుగు. పళ్లచక్రం ఒక చుట్టు తిరిగితే ఒక అడుగు. చక్రం పక్కన రెండు చిన్న కిటికీలు, ఒకదాంట్లో అడుగులు, రెండోదాంట్లో పైన మిగిలిన ఫ్రేములు. అయిదు అడుగుల మూడు ఫ్రేములైతే 5+3 అని రాయాలి. అమ్మ నాకు పదహారో ఎక్కం వంటింట్లో నేర్పింది. వారానికల్లా కాగితం లేకుండా అడుగుల్ని ఫ్రేములుగా మార్చేదాన్ని. ఇవాళ గ్రాసరీ గోదాములో సరుకు లెక్కలన్నీ నా చేతి మీదుగా నడుస్తున్నాయంటే, డిగ్రీ లేకుండా నన్ను ఇరవై ఏళ్లుగా ఉంచుకున్నారంటే, అది ఆ చక్రం దగ్గర అబ్బినదే.

అమ్మ కూడా కిందికి వచ్చేది. ఆవిడకు పోర్చుగీసు ఒక్క ముక్క రాదు. అందుకే దొన్నమ్మగారికి ఆవిడ కావాలి. అమ్మ గోంగూర వలుచుకుంటూ టేబుల్ పక్కన కూర్చుంటే, దొన్నమ్మగారు సినిమా నడిపేది. కానీ తెర వైపు చూసేది కాదు, అమ్మ చేతుల వైపు చూసేది. ఆకు తుంపుతున్న చెయ్యి ఎక్కడ ఆగితే అక్కడ మైనపు పెన్సిలుతో గుర్తు పెట్టేది. "మాటలు అర్థమైనవాళ్లు మాటల వెంట పోతారు. మీ అమ్మ మనుషుల్ని చూస్తుంది," అనేది నాతో. ఆ ఆరో సినిమా చేపలను డబ్బాల్లో నింపే ఒక క్యానరీ గురించి. అందులో పని చేసిన ఆడవాళ్ల గురించి. వాళ్లలో ఒకామె జుస్తీనో తల్లి. ముసలావిడ బల్ల మీద వంగి, కత్తితో సార్డీన్ల తలలు తీస్తూ ఉంటుంది. చాలాసేపు తలెత్తదు. తర్వాత ఒక్కసారి కళ్లెత్తి కెమెరా వెనకున్న కొడుకును చూస్తుంది. అంతే, షాట్ అయిపోతుంది. అక్కడ అమ్మ చెయ్యి ఆగిపోయింది. గోంగూర కాడ అలాగే పట్టుకుని, "అయ్యో, పిల్లాడు వచ్చాడనుకుంటా," అంది. నేను అనువాదం చేశాను. దొన్నమ్మగారు గుర్తు పెట్టింది. ఆ షాట్ తీసిన ఆర్నెల్లకు ఆ తల్లి చనిపోయిందట. ఆమె కళ్లెత్తిన చూపు ఇంకెక్కడా లేదు.

నెగటివ్ సంగతి చెప్పకపోతే మిగతాది అర్థం కాదు. టేబుల్ మీద మేము కోసి, అతికించి, మళ్లీ విప్పేది అసలు ఫిల్ముకు వేయించిన నకలు. అది ఎంత చెడినా ఇంకోటి వేయించుకోవచ్చు. నెగటివ్ మాత్రం ఒక్కటే. ఎడిటింగ్ అంతా తేలాక, నకలును కొలిచి, ఆ కొలతల ప్రకారం నెగటివ్‌ను కోయాలి. అతుకు పడాలంటే ఒక ముక్క రెండో ముక్క అంచు మీదికి కాస్త ఎక్కాలి. ఆ కాస్త కోసం కోత పక్కనున్న ఫ్రేము మధ్యకి తెగుతుంది. అంటే ప్రతి కోతకూ ఒక ఫ్రేము చస్తుంది. సరైన చోట కోస్తే చచ్చేది అక్కర్లేని ఫ్రేము. తప్పు చోట కోస్తే చచ్చేది కావలసిన ఫ్రేము, దాన్ని ఎవరూ తిరిగి తేలేరు. జాగ్రత్తకు నెగటివ్‌కే ఇంకో నకలు వేయించి పెట్టుకునేవాళ్లు ఉంటారు. జుస్తీనోకు అంత స్తోమత లేదు.

అది శనివారం. సాయంత్రం అయిదింటికల్లా నెగటివ్ న్యూయార్క్ ల్యాబ్‌లో అప్పగించాలి. సోమవారం ప్రింటు చూడ్డానికి జుస్తీనో విమానం ఎక్కుతున్నాడు. మిగిలింది ఆఖరి రీలు, ముప్పై ఎనిమిది షాట్లు. రెండు వారాల కిందటే దొన్నమ్మగారి ఎడమ కంటికి శుక్లం ఆపరేషన్ అయింది. కొయ్యగలదు గానీ చక్రం కిటికీలోని చిన్న అంకెలు చదవలేదు. మామూలుగా చదవడం, రాయడం రెండూ నేనే. ఆ రోజు పొద్దున ఎనిమిదింటికే తెలిసిపోయింది, అలా అయితే అయిదింటికి తెమలదని. అమ్మను పిలిచాను. అమ్మ తడికొంగు దులుపుకుంటూ దిగి వచ్చింది.

పద్ధతి ఇదీ. చదివేవాళ్లు కొలత చెప్పాలి. రాసేవాళ్లు దాన్ని తిరిగి ఇంగ్లీషులో చెప్పాలి, కత్తెర పట్టుకున్నావిడకు కూడా వినబడాలి. చదివినవాళ్లు ఆమోదించాలి. అప్పుడు రాయాలి. ఆ గదిలో నేను చేరిన మొదటి రోజు నేర్చుకున్నది అదే. పది షాట్ల వరకూ అలాగే చేశాం.

"పన్నెండున్ను మూడు," అనేది అమ్మ.

"ట్వెల్వ్ అండ్ త్రీ."

"ఏమన్నావే?"

"నువ్వన్నదే అమ్మా."

"నువ్వు గొణిగితే నాకేం తెలుస్తుంది? తెలుగులో చెప్పి చావు. ఊరికే నన్ను హడలగొట్టకు."

టైము చూశాను. పది కావస్తోంది. ఇంగ్లీషు మానేశాను. అది నేను చేసిన పని. అమ్మది కాదు, ఆవిడదీ కాదు.

పద్నాలుగో షాట్ దగ్గర అమ్మ, "ఆరున్నొకటీ, అయిదు," అంది. నాకు నవ్వొచ్చింది. మా ఇంట్లో అమ్మ బియ్యం కొలిచేటప్పుడు ఏడు అన్న మాట నోటికి రానివ్వదు. ఆరు తర్వాత ఆరున్నొకటి, ఆ తర్వాత ఎనిమిది. వాళ్ల అమ్మ గాదె దగ్గర అలాగే కొలిచేదట.

"ఏడు అనవే అమ్మా, ప్లీజ్."

"శుభమా అని పని చేస్తూ ఏడుపు మాటెందుకే? ఆవిడ అసలే కన్ను కోయించుకునుంది."

7+5 అని రాశాను. పని సాగింది. అమ్మకు ఇంకో అలవాటు ఉంది. కొలత సరిగ్గా అడుక్కు పడి, ఫ్రేముల కిటికీలో సున్నా ఉంటే, సున్నా అనదు. ఉత్త అడుగులు చెప్పి ఊరుకుంటుంది. తొమ్మిది అంటే తొమ్మిదే, నేను 9+0 అని రాసుకునేదాన్ని. పదహారు షాట్లకు ఒకటి అలా సరిగ్గా పడుతుంది. ఆ ఒకటి సరిగ్గా ఏడు అడుగులై ఉండడం ఎంత అరుదో తర్వాత నేను చాలాసార్లు లెక్క వేశాను. ఆ రీలులో ఒకే ఒక్కసారి వచ్చింది. ముప్పై ఒకటో షాట్.

"ఆరున్నొకటి."

"ఆరున్నొకటి," అన్నాను.

"ఆఁ, ఆరున్నొకటి."

చెప్పింది, తిరిగి చెప్పాను, ఆమోదించింది. 6+1 అని రాశాను. ఆరు అడుగుల ఒక ఫ్రేము. తొంభై ఏడు ఫ్రేములు. చక్రం చూపించింది ఏడు అడుగులు. నూట పన్నెండు. రెంటికీ తేడా పదిహేను. ముసలావిడ కళ్లెత్తేది ఆ పదిహేనులోనే.

పన్నెండున్నరకు అమ్మ అన్నం వార్చాలని పైకి వెళ్లింది. నేను మిగతా ఏడు షాట్లు ఒక్కదాన్నే కొలిచాను. దొన్నమ్మగారు చిట్టా ముందు పెట్టుకుని, తెల్ల తొడుగులతో, రెండో చక్రం చుట్లూ ఫ్రేములూ వేలితో లెక్కపెట్టుకుంటూ, నెగటివ్ అంచులు తప్ప ఎక్కడా ముట్టకుండా కోస్తూ పోయింది. మామూలుగా అయితే ప్రతి ముక్కనూ కోసే ముందు నకలు పక్కన పెట్టి సరిచూసేది. ఆ రోజు చిట్టాను నమ్మి ముందు కోసి, రీలు మొత్తం చివర్లో సరిచూద్దామంది. రెండుంబావుకు నకలూ నెగటివూ రెండూ ఒకే చక్రం మీద ఎక్కించి పక్కపక్కన నడిపాం. ముప్పై షాట్ల వరకూ కోతకు ఎదురుగా కోత వచ్చింది. ముప్పై ఒకటి దాటేసరికి నెగటివ్‌లో కొత్త షాట్ మొదలైపోయింది, నకలులో ముసలావిడ ఇంకా కళ్లెత్తుతూనే ఉంది.

ఆవిడ చక్రం ఆపింది. వెనక్కి తిప్పింది. మళ్లీ ముందుకు నడిపింది. మళ్లీ అదే చోట. బాయిలర్ ఆగి ఉంది, పైన అమ్మ గరిటె చప్పుడు ఒక్కటే. తొడుగులు విప్పి బల్ల మీద పెట్టింది. నేను ఆ గదిలో ఉన్న మూడేళ్లలో పని మధ్యలో ఆవిడ తొడుగులు తీయడం చూడలేదు.

"చిట్టాలో ఆరు ప్లస్ ఒకటి ఉంది. నువ్వేం విన్నావు, మెనీనా?" అంది. మెనీనా అంటే వాళ్ల భాషలో అమ్మాయీ అని.

"ఆరున్నొకటి అని విన్నాను. మా అమ్మ ఏడుకు అలా అంటుంది."

"మీ భాషలో ఏడు లేదా?"

"ఉంది. కానీ ఆ మాటకు ఇంకో అర్థం ఉంది. ఏడవమని."

ఆవిడ నా వైపు తిరిగింది. ఆపరేషన్ అయిన కంట్లోంచి నీరు కారుతోంది. అది మందు వల్ల.

"అయితే ఇప్పుడు అను," అంది.

"ఏడు," అన్నాను. అన్నంత పనీ చేశాను.

ఆవిడ ఊరడించలేదు. గడియారం చూసింది. "ముక్క ఎక్కడుంది? ఏడవడం కారులో ఏడుద్దువు గాని. ముందు ముక్క వెతుకు." కోయగా మిగిలిన ముక్కలన్నీ లోపల గుడ్డ పరిచిన తొట్టె పైన మేకులకు వేలాడుతున్నాయి. తొందరలో ఆ రోజు మేకులకు నంబర్లు రాయలేదు. నెగటివ్‌లో మనుషులు తారుమారైన వెలుగులో ఉంటారు, నల్ల జుట్టు తెల్లగా, తెల్ల జుట్టు నల్లగా. నల్ల జుట్టు ముసలావిడ కోసం దీపం ముందు ఒక్కొక్క ముక్కే అంచుతో పట్టుకుని చూశాను. చేతులు వణికితే ఫిల్ము గీసుకుంటుంది. అందుకని ప్రతి ముక్కకూ ముందు ఊపిరి బిగబట్టేదాన్ని. ఇరవై ఆరో ముక్క అది. కోత దగ్గర ఒక ఫ్రేము అడ్డంగా తెగిపోయి ఉంది. తొంభై ఎనిమిదోది. సరిగ్గా కనురెప్పలు కదలడం మొదలయ్యే చోటు. దాని వెనక పద్నాలుగు ఫ్రేములు క్షేమంగా ఉన్నాయి.

"కంటి దగ్గర గెంతు వస్తుంది," అందావిడ. "కానీ చూపు ఉంటుంది." అంచు గీకి, జిగురు రాసి, యంత్రం మూసి, పోర్చుగీసులో అంకెలు లెక్కపెడుతూ అదిమి పట్టుకుంది. తెరిచి, రెండు వేళ్ల మధ్య వంచి చూసింది. అతుకు నిలిచింది. అంతకు ముందు నూట పన్నెండు, ఇప్పుడు నూట పదకొండు.

ఇంతలో అమ్మ పైనుంచి కేకేసింది. "ఏమే వసూ, అయిందా? దొన్నమ్మగారిని కూడా భోజనానికి రమ్మను. పప్పుచారు పెట్టాను, ఆవిడకు కంటికి చలవ."

నేను మెట్ల వైపు ఒక అడుగు వేశాను. ఆవిడ నా మణికట్టు పట్టుకుంది. "మీ అమ్మకు చెప్పకు. సాయానికి వచ్చింది," అంది. తర్వాత పైకి వెళ్లి పప్పుచారు రెండుసార్లు పోయించుకుని తిన్నది. నాన్నకు అది సెలవు రోజు. మమ్మల్ని కారులో ల్యాబ్‌కు తీసుకెళ్లాడు. అయిదుకు పది నిమిషాలు తక్కువగా డబ్బాలు అప్పగించాం.

సోమవారం సాయంత్రం జుస్తీనో ఫోన్ చేశాడు. ఫోను కింది హాల్లో ఉండేది. నేను మెట్ల మీదే ఉన్నాను. అప్పటికి నాకు అర్థం అయ్యేటంత భాష వచ్చు. అవతలి గొంతు రిసీవరు దాటి వినబడుతోంది. మా అమ్మ, మా అమ్మ కళ్లు, అంటున్నాడు. ఆవిడ అతన్ని పూర్తిగా అననిచ్చి, "నా చెయ్యి జారింది. అరవై ఏళ్లు వచ్చాయి. ఏం చెయ్యను," అంది. అటునుంచి ఏదో అడిగాడు. "ఇంకెవరూ లేరు. నేనే," అంది. ఫోను పెట్టేసింది.

"రాసింది నేను కదా. ఆయనకు తెలియాలి," అన్నాను.

"కత్తెర ఎవరి చేతిలో ఉంది?"

"మీ చేతిలో."

"మరి?"

నేను కదలకపోతే ఆవిడ మెట్టు మీద కూర్చుంది. "నాకు పదిహేనేళ్లప్పుడు నా పక్క బల్ల పిల్ల ఒక్క ఫ్రేము తప్పు కోసింది. మధ్యాహ్నానికల్లా కోటు చేతికిచ్చి పంపేశారు. ఇంకే ల్యాబూ ఆ పిల్లను రానివ్వలేదు. నీకు పంతొమ్మిది. వెళ్లి బంగాళాదుంపలు ఒలువు, పో."

ఆ తర్వాత పార్సిళ్లు రాలేదు. మొదట్లో ఆలస్యం అనుకున్నాను. ఆవిడ శుక్రవారం శుక్రవారం గది ఊడ్చి, చక్రాలకు నూనె పెట్టి, తొడుగులు ఉతికి ఆరేసేది. నేను రెండేళ్లు ఆ గదిలోనే ఉన్నాను, పని లేకుండా. పెళ్లయి షాంటిలీ వచ్చేశాను. ఈలోపు ఎడిసన్‌లో ఎవరింట్లో భోజనాలైనా అమ్మ చెప్పుకునేది, తను ఒక సినిమాకు పని చేశానని. "మీరా పిన్నిగారూ? ఏం వేషం?" అని అక్కడివాళ్లు ఆట పట్టిస్తే, "వేషం కాదమ్మా, లెక్క. నేను అంకె చెబితే మా వసూ రాసింది, ఆవిడ కోసింది," అనేది. నేను ప్లేటు పట్టుకుని వేరే గదిలోకి వెళ్లిపోయేదాన్ని. ఇప్పుడు గోదాములో సరుకు ఒక యంత్రంతో లెక్కపెడతాం. పెట్టె మీద ఎర్ర గీత పడగానే కూత వినిపిస్తుంది, అంకె దానంతట అదే కంప్యూటర్‌లో చేరుతుంది. ఒకరు చెప్పడం, ఇంకొకరు తిరిగి చెప్పడం లేదు. కొత్తగా చేరిన పిల్లలకు నేను మాత్రం తిరిగి చెప్పడం నేర్పుతాను, ఇంగ్లీషులో, గట్టిగా. చాదస్తం అనుకుంటారు.

చిట్టాలు ఇంటికి తెచ్చిన రెండు వారాలకు, ఒక ఆదివారం పొద్దున, నంబరు గుర్తుపట్టలేని ఫోన్ వచ్చింది. లూసియా నా నంబరు ఇచ్చిందట. ముసలి గొంతు, నెమ్మదైన ఇంగ్లీషు. జుస్తీనో. ఆ సినిమాను లిస్బన్‌లో శుభ్రం చేసి కొత్త డిజిటల్ కాపీ తీస్తున్నారు. ఎర్మెలిండా చిట్టాలు పంపగలవా అని అడిగాడు. పంపుతాను అన్నాను. అంతటితో ఫోను పెట్టేయవచ్చు. ఆయనకు ఎనభై అయిదు దాటి ఉంటాయి. చిట్టా చూస్తే మాత్రం అంకెలు వేరే చేతివని తెలుసుకుంటాడా, తెలుసుకోడా? ఇప్పుడు మా దగ్గరే ఉంటున్న అమ్మ వంటింట్లో కాఫీ కలుపుతోంది. నేను డెక్ మీదికి వెళ్లి తలుపు మూశాను.

"ముప్పై ఒకటో గీత నేను రాసింది," అన్నాను. "ఆవిడ చెయ్యి జారలేదు. ఏడు అడుగులను నేను ఆరు ప్లస్ ఒకటి అని రాశాను. ఆవిడ కాగితంలో ఉన్నది ఉన్నట్టు కోసింది." ఎందుకు అలా రాశానో కూడా చెప్పాను. అమ్మ పేరు ఎత్తకుండా, మా వైపు కొలిచే అలవాటు అని చెప్పాను.

 

"నీకు అప్పుడు ఎన్నేళ్లు?" అన్నాడు.

"పంతొమ్మిది."

"ఆ రోజు ఎవరైనా నాకు, పంతొమ్మిదేళ్ల పిల్ల అంకె తప్పు రాసింది అని చెప్పి ఉంటే, నేను అరిచేవాణ్ణి. చాలా అరిచేవాణ్ణి. తర్వాత కొత్త సినిమా ఆవిడకే పంపేవాణ్ణి." అన్నాడు. "నా చెయ్యి జారింది అంది. నేను నమ్మాను. చెయ్యి జారే ఎడిటర్‌కు ఎలా పంపను? ఆ తర్వాత తీసినవి ఇంకొకరికి ఇచ్చాను."

"ఎన్ని తీశారు?"

"మూడు."

ఆవిడ టేబుల్ మీదికి రావలసిన మూడు సినిమాలు. ఆయన ఇంకా ఏదో బాకీ గుర్తొచ్చినవాడిలా అన్నాడు. "ఆ ఫ్రేము గురించి బాధపడకు. ఇక్కడి కుర్రాళ్లు ముందుదీ వెనకదీ చూసి మధ్యది కంప్యూటర్‌లో తయారుచేశారు. నిన్ననే చూశాను. నూట పన్నెండూ ఉన్నాయి. మా అమ్మ మామూలుగా కళ్లెత్తుతోంది. నేను కూడా కనిపెట్టలేకపోయాను."

చిట్టాల కోసం చిరునామా చెప్పాడు. రాసుకున్నాను. ఇంగ్లీషులో తిరిగి చదివాను. సరే అన్నాడు.

లోపలికి వస్తే అమ్మ కాఫీ కప్పు చేతిలో పెట్టింది. డెబ్భై ఎనిమిదేళ్లు ఆవిడకు. నా మొహం చూసి అడిగింది.

"ఎవరే అంతసేపు?"

"పాత లెక్క అమ్మా. దొన్నమ్మగారిది."

"తేలిందా?"

"ఒకటి తీరింది. ఇంకా మూడు ఉన్నాయి."